మేకపోతు జాలి

అది ఆషాఢ శుద్ధ ద్వాదశి, గురువారం, పొద్దున ఏడుంపావు. మా అమ్మమ్మ దొడ్లో జరిగింది.

పశువుల కొట్టం ఎత్తరుగు మీద ఉండేది. ఎక్కడానికి ఒకటే రాతిమెట్టు, మోకాలెత్తు. లచ్చి అనే ఆవుకి ముందుకాలు వంకర, ఆ మెట్టు ఎక్కలేదు. అందుకని దాన్ని కింద బురదలోనే కట్టేవారు. మిగతావన్నీ పైన తొట్టి చుట్టూ చేరి కబుర్లాడుతూ మేసేవి.

"నాలుగు తట్టల మట్టి పోస్తే నేనే ఎక్కుతాను కదర్రా!" అనేది లచ్చి.

"ఎందుకు తల్లీ నీకా శ్రమ? నీ వంతు నేను తెచ్చిపెట్టనూ?" అనేవాడు మేకపోతు.

"ఎంత జాలిగుండె!" అని కోడిపెట్ట కళ్ళొత్తుకునేది.

ఆ జాలిగుండె తెచ్చేవి వట్టి కాడలు. ఆకంతా దారిలోనే అయిపోయేది.

ఏకాదశి ఉపవాసమున్న అమ్మమ్మ, ద్వాదశినాడు ఆవుకి అవిశాకు పెడితేగాని నోట్లో తీర్థం పోసుకునేది కాదు. ఆ రోజు వాన. మడిచీరతో బురదలో దిగడమెందుకని మోపు అరుగు మీదే పెట్టి, "నీదే తల్లీ" అని లోపలికెళ్ళింది. మడి మైలపడకూడదు, ఆవు బురదలో ఉండొచ్చు! ఇప్పటికీ తలచుకుంటే నా ఒళ్ళు మండుతుంది.

పోతు మోపు నోట కరుచుకుని గడ్డివామి చాటుకెళ్ళాడు. కాసేపటికి కాడలు తెచ్చి పడేశాడు.

"ఆకేదిరా?"

"కుంటిదానివి, నీకు రుచులు కూడానా?"

"వంకరపోయింది నా కాలు, నాలుక కాదు!" అంది లచ్చి. అంతలోనే గొంతు మెత్తగా చేసి, "అయినా మావా, నీ సేవ నలుగురికీ తెలియొద్దూ? మెట్టెక్కి గట్టిగా చెప్పు" అంది.

పోతు ఉబ్బిపోయి మెట్టెక్కాడు. మెడ చాచి, "నేనే లేకపోతే దీని గతేమిటి!" అని దొడ్డంతా మోగేలా అరిచాడు.

ఆ అరుపుకి అమ్మమ్మ తీర్థం గిన్నెతోనే బయటికొచ్చింది. పోతు గడ్డం నిండా పచ్చటి అవిశాకు. కింద లచ్చి ముందు ఉత్త కాడలు.

"ఓరి త్రాష్టుడా!"

"నేను కళ్ళొత్తుకున్నదంతా దండగేనా!" అని కోడిపెట్ట లబోదిబోమంది.

అమ్మమ్మ గిన్నె దించేసింది. వేరే ఆకు కోసుకుని, మడిచీరతోనే బురదలో దిగి, లచ్చికి చేత్తో తినిపించింది. మళ్ళీ స్నానం చేశాకే తీర్థం తీసుకుంది.

నీ వంతు నేను తెస్తానన్నవాడు కాదు, నీ దారిలో మెట్టు తీసేసినవాడే నీవాడు.

అమ్మమ్మ పట్టుబట్టడంతో మర్నాడు తెల్లారగానే తాతయ్య, పాలేరు సూరయ్య కలిసి ఆ రాయి పెకలించి, మట్టి పోసి, దిమ్మిస కొట్టి వాలుగా చేశారు. లచ్చి మెల్లగా ఎక్కి, అందరి మధ్యా దూరి, పోతుని కొమ్ముతో పక్కకి నెట్టి మేత మేసింది.