దను వాళ్ళకు పేరు తెచ్చిన చిలక

అనగనగా బర్మా కొండల్లో ఒక రాజు. రాజన్నాక ముగ్గురు కొడుకులుండాలి కనుక ఉన్నారు. పెద్దవాడు ఆంగ్‌ఖైన్, నడిపివాడు టున్‌లా, చిన్నవాడు పోమ్యా. వాళ్ళ తాతలు కాపలా కాయడానికి మైదానం నుంచి విల్లంబులతో వచ్చి, తేయాకు వేసుకుని, కొండమీదే ఉండిపోయారు. మాట మైదానానిది, బతుకు కొండది. మైదానం వాళ్ళు వీళ్ళను కొండవాళ్ళనేవారు. కొండవాళ్ళేమో మైదానం వాళ్ళనేవారు. ఒక పేరు పెడదామని మాత్రం ఎవరికీ తోచలేదు.

ఇలా ఉండగా పక్క కొండ దొర కూతురు మేన్వేను ఒక మాంత్రికుడు ఎత్తుకుపోయి గుహలో పెట్టాడు. విడిపించినవాడికే పిల్లనిస్తానన్నాడు దొర. గుహ వాకిట్లో ఒక చిలక ఉంది. వచ్చినవాణ్ణల్లా "మీరెవర్రా?" అని అడుగుతుంది. జవాబు నిలవకపోతే వాడు రాయైపోతాడు.

పెద్దవాడు వెళ్ళి మైదానం వాళ్ళమన్నాడు. మరి ఏడు కొండలెక్కినా ఆయాసం లేదేమంది చిలక. వాడు రాయైపోయాడు. నడిపివాడు తెలివిగా కొండవాళ్ళమన్నాడు. మరి మాట మైదానానిదేమంది చిలక. వాడూ రాయే. మన ఊళ్ళో కొందరు ఏ ప్రశ్నా అడగకుండానే అలా ఉంటారు, అది వేరే సంగతి.

పోమ్యా బయలుదేరాడు. ఏడు సముద్రాలు దాటాలని సరదాపడ్డాడు కానీ అక్కడ సముద్రం లేదు. ఏడు కొండలే దాటాడు. దారిలో వాగులో కొట్టుకుపోతున్న సాలీడును వింటికొనతో పైకి తీశాడు.

ఒళ్ళు దులుపుకుని సాలీడు అంది. "మాంత్రికుడి ప్రాణం ఆ చిలకలోనే ఉంది నాయనా. మాంత్రికులకు వేరే చోటు తోచదు. ఇంకో మాట. ఆ గుహలో జవాబు లేనివాడు ఎవడైనా రాయవుతాడు. ఎవడైనా."

పోమ్యా గుహ చేరాడు. వాకిట్లో అన్నలిద్దరూ రాళ్ళై నిలబడి ఉన్నారు. లోపలినుంచి మేన్వే చూసి, "మూడోవాడివా? నిన్నే ముందు పంపొచ్చుగా" అంది.

"మా నాన్నకు కథలు తెలియవు" అన్నాడు పోమ్యా.

"మీరెవర్రా?" అంది చిలక. పోమ్యా కాళ్ళు చల్లబడ్డాయి. "మీరెవర్రా?" మోకాళ్ళదాకా రాయి పాకింది. "మీరెవర్రా?" నడుం బిగుసుకుంది. చేతిలో విల్లు మాత్రం వెచ్చగా ఉంది. పోమ్యా దాన్ని పైకెత్తాడు.

"ధనువు పట్టి వచ్చినవాళ్ళం. మా మాటా వదల్లేదు, ఈ కొండా వదల్లేదు, ధనువూ వదల్లేదు. మేం ధనువు వాళ్ళం."

చిలక వెతికింది, తప్పు దొరకలేదు. రాయి కిందికి దిగిపోయింది.

"ఇప్పుడు నువ్వు చెప్పు. రెక్కలు చిలకవి, ప్రాణం మాంత్రికుడిది. నువ్వెవరివే?"

చిలక ముక్కు తెరిచింది. తెరిచిన ముక్కు తెరిచినట్టే రాయైపోయింది. లోపల మాంత్రికుడు దబ్బున కూలాడు. అన్నలు లేచి, మేమూ అదే చెప్పబోయామన్నారు.

పోమ్యా మేన్వేను పెళ్ళాడి చాలాకాలం ఏలాడు. ధనువు వాళ్ళన్న మాట నోళ్ళలో నలిగి నలిగి దను అయింది. అయినా వాళ్ళ పేరుకో విల్లుంది. మన గుర్రాల సోమయ్య గుర్రాన్ని చూస్తే గోడెక్కుతాడు.

కథ ఆ కొండల్లోనే ఉండిపోయింది. మీరిక ఇళ్ళకు పొండి. ఆ కాళ్ళ బురద చూసి మీ అమ్మలు ఎవరి పిల్లలురా అంటారు. జవాబు సిద్ధం చేసుకోండి.