తెస్తానన్న నీళ్ళు

తెక్కాన్ గురువుకు ఒక అలవాటు ఉండేది. శిష్యుడు ప్రశ్న అడిగితే జవాబు చెప్పడు, చేతికి ఏదో ఒక పని అంటగడతాడు. శూన్యమంటే ఏమిటని అడిగినవాణ్ణి బావిలోకి దింపి పూడిక తీయించాడు. నిర్వాణం సంగతి అడిగినవాడి చేత నెల రోజులు వంటశాలలో ముల్లంగి తరిగించాడు. "ఈయన ముందు నోరు తెరిస్తే నడుం విరుగుతుంది" అని సన్యాసులు తమలో తాము నవ్వుకునేవారు. అందుచేత ఆ కొండమీది మఠంలో ప్రశ్నలు తక్కువ, పని ఎక్కువ.

జపాను దేశంలో కత్తి పట్టినవాళ్ళు ఊళ్ళేలుతున్న కాలమది. వీరుల ఇళ్ళలో పుట్టిన మగపిల్లలకు రెండు చదువులు. విల్లూ గుర్రమూ తండ్రి దగ్గర, అక్షరమూ ధ్యానమూ బౌద్ధ మఠంలో. చంపడం ఒకచోట నేర్చుకుని, చావుకు జంకకపోవడం మరోచోట నేర్చుకునేవారన్నమాట. ఈ రెండు చదువులూ ఒకే మనిషిలో ఎలా కాపురం చేస్తాయని అడిగే తీరిక ఎవరికీ ఉన్నట్టు లేదు. ఇసోబె మునెతోకి అలా రెండూ చదివినవాడే. యుద్ధంలో పేరు తెచ్చుకుని, ప్రభువు చేతి మీదుగా ఖడ్గం బహుమానంగా పుచ్చుకుని, నాలుగేళ్ళు దాన్ని నడుముకు కట్టుకు తిరిగి, ఉన్నట్టుండి ఒకనాడు తల గొరిగించుకుని ఈ మఠంలో చేరాడు. జోసెన్ అని కొత్త పేరు పెట్టారు. చేరి మూడేళ్ళయింది. అందరికన్నా ముందు లేచేవాడు, అందరికన్నా చివర తినేవాడు. ఎంత భక్తి అనుకునేవారు చూసినవాళ్ళు. పైకి కనిపించేదాన్ని బట్టి మనమూ అలాగే అనుకుంటాం.

ఒక ఉదయం ధ్యానం ముగిశాక జోసెన్ గురువు ముందు వంగి అడిగాడు. "గురువుగారూ, చేసిన తప్పుకు పడే సిగ్గు ఎన్నాళ్ళకు పోతుంది?"

తెక్కాన్ లేచి, గోడ మేకుకు వేలాడుతున్న జోసెన్ భిక్షాటన టోపీని తీసి తన గదిలో పెట్టి వచ్చాడు.

"రేపు భిక్షకు టోపీ లేకుండా వెళ్ళు."

ఆ టోపీ సంగతి కొంత చెప్పాలి. గడ్డితో అల్లిన లోతైన గంప లాంటిది. పెట్టుకుంటే ముఖం గడ్డం దాకా మునిగిపోతుంది. ఇచ్చేవారికి పుచ్చుకునేవాడి ముఖం తెలియకూడదు, పుచ్చుకునేవాడికి ఇచ్చేవారి ముఖం తెలియకూడదు. ఇస్తున్నాననే గర్వం ఒకరికీ, పుచ్చుకుంటున్నాననే చిన్నతనం మరొకరికీ రాకుండా పెద్దలు పెట్టిన ఏర్పాటది. మంచి ఏర్పాటే. కాని జోసెన్ దాన్ని మూడేళ్ళుగా వేరే పనికి వాడుకుంటున్నాడు. గురువు మాట వినగానే, గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు, అతని చెయ్యి తన గుండు మీదికి పోయింది.

మర్నాడు బోడితలతో కొండ దిగాడు. దిగువ ఊళ్ళో చివరి ఇల్లు మత్సు అనే ఆవిడది. నలభై ఏళ్ళుంటాయి. ఏడేళ్ళ కిందట ప్రభువు మనుషులు వచ్చి, యుద్ధానికి బియ్యం మూటలు మొయ్యడానికి ఊరి మగవాళ్ళను తోలుకుపోయారు. ఆవిడ భర్త యసుకె వాళ్ళలో ఒకడు. మిగతావాళ్ళు తిరిగొచ్చారు, అతను రాలేదు. చచ్చాడని చెప్పినవాళ్ళు లేరు, చూశామన్నవాళ్ళూ లేరు. దూరం వెళ్ళినవాడు ఆకలి లేకుండా క్షేమంగా తిరిగి రావాలని ఇంట్లో అతని పేరున రోజూ ఒక పళ్ళెం పెట్టడం ఆ దేశపు ఆచారం. మత్సు ఏడేళ్ళుగా పెడుతోంది. అన్నం ఆవిరి చల్లారేదాకా ఉంచి, తర్వాత దాన్ని గుమ్మంలోకి వచ్చిన సన్యాసి గిన్నెలో వేస్తుంది. మూడేళ్ళుగా ఆ సన్యాసి జోసెనే.

ఆవిడ అన్నం తీసుకుని గుమ్మంలోకి వచ్చి, అతన్ని చూసి నవ్వింది.

"మీకూ ముఖం ఉందన్నమాట స్వామీ! ఇన్నాళ్ళూ గంప కింద రెండు చేతులూ ఒక గిన్నే అనుకున్నా."

జోసెన్ తల వంచుకున్నాడు.

"ముఖం చూశాను కాబట్టి ఒక్క మాట అడుగుతాను. మీరు నాలుగూళ్ళు తిరుగుతారు. మా ఆయన ఎక్కడైనా కనిపిస్తే చెప్పరూ? ఆనవాలు పట్టడం తేలిక. పై వరసలో ముందు పళ్ళు రెండు లేవు, ఎద్దు తన్నింది. నవ్వొస్తే చెయ్యి అడ్డం పెట్టుకుంటాడు. అంత వయసొచ్చినా అదొక సిగ్గు ఆయనకి." ఆవిడ అన్నం గిన్నెలో వేసింది. "ఇవాళ కొంచెం మాడింది. ఆయనకి మాడువాసనంటే ఇష్టంలెండి."

జోసెన్ ఎలా కొండెక్కాడో అతనికే తెలియదు. అన్నం ముట్టలేదు. గిన్నె తెచ్చి గురువు ముందు పెట్టి నేల మీద నుదురు ఆనించాడు. మూడేళ్ళుగా చెప్పనిది అప్పుడు చెప్పాడు.

ఆ యుద్ధం కొండ కింద వాగు రేవులోనే జరిగింది. ఇతని గుర్రం దారిలో కుంటిదయింది. వచ్చేసరికి పోరు ముగిసింది. ప్రభువు పీట మీద కూర్చుని తలలు పరిశీలిస్తున్నాడు. గెలిచిన ప్రతి వీరుడూ తాను నరికిన తలను కడిగి, జుట్టు దువ్వి, చంపినవాడి పేరూ చచ్చినవాడి పేరూ రాసిన చీటీ కట్టి తెచ్చి చూపాలి. అదే వాళ్ళకు పరీక్ష, అదే పట్టం. "వట్టి చేతులతో ఇంటికి రాకు" అని తండ్రి గడపలో చెప్పి పంపాడు. ఇతనికి ఇరవై రెండేళ్ళు. వట్టి చేతులతో రెల్లుపొదల్లో తిరుగుతుంటే ఒక మనిషి కనిపించాడు. శత్రువు కాడు. వీరుడూ కాడు. తమ పక్షపు కూలీయే. కడుపులో ఈటె దెబ్బతో, భుజాన బియ్యం మూట తాడు ఇంకా తీయకుండా పడి ఉన్నాడు.

"నీళ్ళు అడిగాడండీ. వాగు పదడుగుల దూరంలో ఉంది. తెస్తాను, కళ్ళు మూసుకో అన్నాను. నన్ను నమ్మి మూసుకున్నాడు."

నీళ్ళు తేలేదు. తల తెచ్చాడు. ఆ రోజుల్లో గొప్పింటి యోధులు పళ్ళకు నల్లరంగు పూసుకునేవారు. పళ్ళు నల్లగా ఉన్న తలకు మెప్పెక్కువ. ఇతను సాయంత్రం లోగా ఆ కూలీ పళ్ళకు రంగు పూశాడు. ముందు ఊడిపోయిన రెండు పళ్ళ చోట మైనం ముద్ద పెట్టి వేలితో నొక్కి నలుపు చేశాడు. పారిపోయి జాడ లేకుండా పోయిన శత్రు సేనాని కుసాకబె పేరు చీటీ మీద రాశాడు. ప్రభువు చూసి తలూపాడు. ఖడ్గం ఇచ్చాడు. తండ్రి ఆనందంతో ఏడ్చాడు. కొడుకు ఆ ఏడుపు చూస్తూ నిలబడ్డాడు. మొండెం ఆ వారం వచ్చిన వరదలో కొట్టుకుపోయింది. తలల్ని ఈ మఠం వెనకే పూడ్చి దిబ్బ కట్టారు. ఒక్కొక్క తలకూ పేరు రాసిన చెక్కపలక పాతారు.

"కూలీలు మూడు వందల మంది వచ్చారు, ఆ ఇంటి మనిషే కావాలని ఏముంది అని ఇన్నాళ్ళూ నాకు నేను చెప్పుకున్నాను. టోపీ ఉంది కదా, ఆవిడ చూడదు కదా అనుకుని ఆయన అన్నం తిన్నాను. చెబితే ఆవిడ ఆశ చంపినవాణ్ణవుతాను. చెప్పకపోతే రేపు మళ్ళీ అదే అన్నం తినాలి. నన్నేం చెయ్యమంటారు?"

ఈసారైనా గురువు నాలుగు ధర్మవాక్యాలు చెబుతాడనుకుంటాం. ఆయన లేచి చిత్రిక తెచ్చుకుని దిబ్బ దగ్గరికి నడిచాడు. కుసాకబె పేరున్న పలక పెరికి, రాయి మీద ఆనించి, ఆ పేరును చెక్కెయ్యడం మొదలుపెట్టాడు. ఆయనకు డెబ్బై ఏళ్ళు. జోసెన్ సాయం పట్టబోతే వద్దన్నాడు. సగం పేరు పోయాక, తలెత్తకుండానే మాట్లాడాడు.

"పూడ్చే ముందు ఆ తల కడిగింది నేనే. నలుపు గుడ్డకంటుకుంది. మైనం ఊడి నీళ్ళ గిన్నెలో పడింది. మొండెం లేకపోయినా మెడ చెబుతుంది నాయనా, ఎండలో కాలిన మెడ. ఇది సేనాని తల కాదని ఆ క్షణానే తెలిసింది. చీటీ మీద నీ పేరూ చదివాను."

జోసెన్‌కు పలక మీద ఇంకా మిగిలిన సగం పేరు కనిపించింది.

"అప్పుడు మఠం పైకప్పు కూలి ఉంది. కొత్త దూలాలు ప్రభువు పంపుతానన్నాడు. నేను మైనం తీసి అవతల పారేసి, మంత్రం చదివాను. ఏడు వసంతాలు దిబ్బ ముందు పూజలో కుసాకబె పేరు బిగ్గరగా చదివాను. నువ్వు వచ్చి చేరినప్పుడు ఎవరివో నాకు తెలుసు. ఎప్పుడు అడుగుతావా అని మూడేళ్ళు చూశాను." చిత్రిక ఆగింది. "అబద్ధం. అడక్కుండా ఉంటే బాగుండునని చూశాను."

శిష్యుడి తప్పును గురువు కడుగుతాడని కథలు చెబుతాయి. ఇక్కడ ఇద్దరూ ఒకే బురదలో ఉన్నారు, ఒకరినొకరు చూసుకోలేకపోయారు. పలక నున్నగా అయ్యాక తెక్కాన్ కుంచె ఇచ్చాడు. జోసెన్ యసుకె అని రాశాడు. కూలీకి ఇంటిపేరు లేదు కనక ఒక్క మాటతోనే అయిపోయింది. ఆ తర్వాత జోసెన్ అన్నం గిన్నె చేతికి తీసుకున్నాడు, ఇద్దరూ బోడితలలతో, పట్టపగలు, ఊరంతా చూస్తుండగా కొండ దిగారు.

మత్సు వాకిట్లో చిక్కుళ్ళు ఎండబోస్తోంది. ఒక రోజులో రెండోసారి సన్యాసి రావడం, వెంట మఠాధిపతి కూడా ఉండడం చూసి మొదట కంగారుపడి లేచింది. జోసెన్ మట్టిలో మోకరించి చెప్పాడు. రెల్లుపొద చెప్పాడు, నీళ్ళు చెప్పాడు, మైనం చెప్పాడు. ఒక్కటీ దాచలేదు. ఆ వెనుకే ముసలాయన కూడా మోకరించి, తాను చూసి ఊరుకున్నది చెప్పాడు. వింటున్నంతసేపూ ఆవిడ చేతిలో చిక్కుడుకాయ ఒకటి అలాగే ఉండిపోయింది.

ఆవిడ ఏడుస్తుందనో, తిడుతుందనో, కొడవలి తెస్తుందనో జోసెన్ ఎదురుచూశాడు. తెస్తే బాగుండుననీ అనుకున్నాడు. ఆవిడ అడిగింది ఒక్కటే.

"నీళ్ళడిగాడా?"

"అడిగాడమ్మా."

"తెస్తానన్నావా?"

"అన్నాను."

పొద్దున "స్వామీ, మీరు" అన్న నోటితోనే ఆవిడ అంది. "అనీ, మరి ఇంకా తేలేదేం?"

ఇంట్లోకి వెళ్ళి తలుపు వేసుకుంది. కొంతసేపటికి లోపల పళ్ళేలు ఒకదాని మీద ఒకటి పెడుతున్న చప్పుడు వినిపించింది. ఏడేళ్ళలో మొదటిసారి ఆ ఇంట్లో ఒక పళ్ళెం తక్కువ పెడుతున్నారు. ఆ చప్పుడు వింటూ ఇద్దరూ బయట నిలబడ్డారు. జోసెన్ చేతిలోని గిన్నెలో పొద్దుటి అన్నం ఇంకా ఉంది. దాన్ని గుమ్మంలో పెట్టే ధైర్యమూ లేకపోయింది, తీసుకుపోయే ముఖమూ లేకపోయింది. చివరికి తీసుకునే బయల్దేరాడు.

వాగు రేవులో రెల్లు అప్పటిలాగే ఉంది. దారిలో ఒక ఇంట్లో అడిగి తెచ్చిన కడవను జోసెన్ ముంచి నింపి, కావడికర్రకు నడుమ కట్టాడు. ఒంటరిగా ఎత్తబోతుంటే వెనక కొసను తెక్కాన్ భుజానికెత్తుకున్నాడు. మఠం వెనక దిబ్బ దాకా మూడు వందల మెట్లు. కొంత దూరం ఎక్కాక, వెనక ముసలాయన ఆయాసం వింటూ జోసెన్ ఆగాడు.

"గురువుగారూ, ఇప్పటికైనా... నేను అడిగిన ప్రశ్నకు..."

"నడు నాయనా," అన్నాడు తెక్కాన్. "ఒలుకుతున్నాయి."