కాకి చూడని మంచు

గేదెకు నీళ్లు పెట్టావా అంటే, లేచి చూడకుండానే పెట్టానన్నావు కదూ? సిగ్గు లేదూ? ఒళ్లు వంగకపోయినా నోరు బాగానే తిరుగుతోంది. కూర్చుని విను.

అనగనగా జపాను దేశంలో, కొండల నడుమ ఒక అడవి. ఆ అడవిలో కొండదేవుడి గుడి. ఆ గుడి వెనక దేవదారు మీద కురో అనే కాకి ఉండేది.

అక్కడ ఒక ఆచారం ఉంది. చలికాలం వెళ్లగానే కింది పల్లె రైతులు గుడి ముందు మూడు అన్నం ముద్దలు పెడతారు. ఒకటి ముందుగా చల్లే వరికి, ఒకటి నడుమ చల్లే వరికి, ఒకటి ఆలస్యంగా చల్లే వరికి. కాకి ఏ ముద్ద ఎత్తుకుంటే ఊరంతా ఆ విత్తనమే చల్లుతుంది. కాకి దేవుడి దూత అని వాళ్ల నమ్మకం. అందుకే కురో తల్లి ముందు శిఖరం దాకా ఎగిరి, మంచు కరిగిందో లేదో చూసి, ఆ తరువాతే ముద్ద ముట్టేది; మంచుంటే చలి మళ్లీ దిగుతుందని ఆలస్యపు వరి ముద్దే ఎత్తేది. తల్లి పోయాక ఆ పని కురోకు వచ్చింది.

ఆ ఉదయం గాలి కోసేస్తోంది. గుడి మెట్ల మీద కూర్చున్న నక్క అడిగింది. "ఏమే కురో, శిఖరం చూసొచ్చావా?"

"ఈ గాలిలోనా? కింద మంచు లేదుగా నక్క మామా, పైన మాత్రం ఎందుకుంటుంది?"

"మీ అమ్మ ఇలా అనేది కాదు."

"మా అమ్మకు వేరే పని లేదులే."

కుందేలు గెంతుకుంటూ వచ్చింది. "అక్కా, నిన్న పైకెళితే మంచుకు నా కాళ్లు కొయ్యబారాయి. ఒక్కసారి చూసి రా."

"నీ పొట్టి కాళ్లకు మంచుబొట్టు కూడా కొండేనే!" అంది కురో.

అంతలో ముసలి రైతు కిసాకు ముద్దలు పెట్టి, చేతులు చరిచి పిలిచాడు. "రా తల్లీ, రా! పోయినేడు గింజలు చాలలేదు. ఈసారి విత్తు తప్పితే పిల్లలకు గంజి కూడా ఉండదు. నువ్వే చెప్పాలి."

కురో మనసు చివుక్కుమంది. శిఖరం వైపు చూసింది. కానీ మొదటి ముద్దకు, అదే ముందుగా చల్లే వరి ముద్దకు, చిక్కుడుగింజలు ఉడికించి చేసిన తీపి అంటుకుని ఘుమఘుమలాడుతోంది. 'చూడలేదని ఎవరికి తెలుస్తుంది?' అనుకుని దాన్నే ఎత్తుకుపోయింది.

ఊరంతా దండం పెట్టి, ముందుగా చల్లే విత్తనమే చల్లింది. నారు పచ్చగా లేచింది. ఒక తెల్లవారుజామున శిఖరం మీది చలి కిందికి దిగింది. నారంతా నల్లబడి మాడిపోయింది. ఆ ఏడు ఊరు దుంపలు తవ్వుకుని బతికింది.

మళ్లీ చలి వెళ్లింది. ఆకలికి చిక్కిపోయిన కురో, ఈసారి నిజంగానే శిఖరం ఎక్కి చూసి, అరుస్తూ దిగింది. "ఇంకా మంచుంది! ఆగండి!"

గుడి ముందు ముద్దలు లేవు. కిసాకు తలెత్తలేదు. "నీ మాట విన్నాంగా తల్లీ, ఇక చాలు" అంటూ, కాకులను తరిమేందుకు పొగలు కక్కే పాతగుడ్డను పొలం గట్టున కర్రకు కట్టాడు. ఆ లోయలో కురోను మళ్లీ ఎవరూ పిలవలేదు.

నీతి: నమ్మి అడిగినవారికి చూడనిది చూసినట్టు చెప్పేవాడు తరువాత నిజం చెప్పినా వినేవారుండరు.