ఎరుపు పోయేలోగా

ఇలా దగ్గరికి జరగండర్రా. కాళ్ళు ముడుచుకుంటే చాప మీద ఇంకో ఇద్దరు పడతారు. ఊఁ కొట్టనివాళ్ళకి కథ సగమే వినపడుతుంది, ముందే చెబుతున్నా.

అనగనగా కనుమ అవతల ఒక ఊళ్ళో ఇళ్ళు రూపం మార్చుకునేవి. మనం పొద్దున్నే లేచి ఒళ్ళు విరుచుకుంటామే, అలా ఆ ఇళ్ళు కోడి కూయగానే ఒళ్ళు విరుచుకునేవి. పసివాడికి దగ్గొస్తే గోడలు గుండ్రంగా దగ్గరికొచ్చేవి. చుట్టాలొస్తే వసారా సాగేది. అన్నదమ్ములు పోట్లాడుకుంటే మధ్యలో గోడ లేచేది, మాటలు కలిస్తే అదే భూమిలోకి కుంగిపోయేది.

మనుషులు లేని ఇల్లు మాత్రం మారేది కాదు. ఎవరి కోసం మారుతుంది? అందుకే ఆ ఊరివాళ్ళు తలుపు తట్టి చూసేవారు కాదు. ఎప్పటిలాగే ఉన్న ఇల్లు కనబడితే, పాపం ఎవరూ లేరనుకుని వెళ్ళిపోయేవారు.

ఆ ఊళ్ళో ఈరి అనే చిన్నపిల్ల, వాళ్ళమ్మ, వాళ్ళ తాత ఉండేవారు. ఒక ఏడు వరదొచ్చి విత్తనాలన్నీ కొట్టుకుపోయాయి. చాలామంది పడవలెక్కి ఊరొదిలి పోయారు. అప్పుడు ఈరి అమ్మ, "కొండలు దాటి వెళ్ళి జొన్న విత్తనాలు తెస్తా" అంది. బయల్దేరే ముందురోజు కూతురి పది వేళ్ళకీ గోరింటాకు పెట్టింది.

"గోళ్ళ మీద ఈ ఎరుపు పోయేలోగా వచ్చేస్తా తల్లీ."

మన గోళ్ళయితే ఆర్నెల్లు. ఆ ఊరివాళ్ళ గోళ్ళు మహా నిదానం, మూడేళ్ళు పడుతుంది.

అమ్మ వెళ్ళిన రోజున ఇల్లు పడవలా ఉంది. కొనదేరిన కప్పు, నీలం కిటికీ, ఈరి పడుకోవడానికి ఉయ్యాలంత గూడు. ఆ సాయంత్రం ఈరికి భయం పట్టుకుంది. రేపు ఇల్లు మారిపోతే అమ్మ ఎలా గుర్తుపడుతుంది? గోడకి చెంప ఆనించి, "అమ్మ చూసి వెళ్ళిన తీరుగానే ఉండవా" అని బతిమాలింది. తాత ఏదో చెప్పబోయాడు గానీ, పిల్ల మొహం చూసి ఊరుకున్నాడు. తెల్లారి కోడి కూసింది. ఇల్లు కాస్త వణికి, అలాగే ఉండిపోయింది.

వానాకాలం వచ్చింది, కప్పు కారింది. ఇల్లు మారదామని మూలిగింది. "అమ్మ వచ్చేదాకా ఆగు" అంది ఈరి. ఇల్లు ఆగింది.

ఆ తర్వాత తాతకి మోకాళ్ళు పట్టేశాయి. మెట్లు కిందికి దిగుదామని చూశాయి. "అమ్మ వచ్చేదాకా" అంది ఈరి. మెట్లు ఆగాయి. తాత ఒక్కో మెట్టు మీదా కూర్చుంటూ దిగేవాడు. ఈరి గోళ్ళు తీయనిచ్చేది కాదు, తీస్తే ఎరుపు తరిగిపోతుందని. "పోనీ వాటితో నా వీపైనా గోకవే, వాటికీ ఓ పని ఉంటుంది" అనేవాడు తాత.

ఆ తర్వాత ఈరే పెరిగింది. గూట్లో కాళ్ళు పట్టలేదు. ఇల్లు గూడు సాగదీయబోయింది. "నేను ముడుచుకుంటాలే, నువ్వు మాత్రం మారకు" అంది. రోజూ లేవగానే గోళ్ళు చూసుకునేది. తీయకపోయినా కొసలు అరిగి విరుగుతూ, మొదట్లోంచి తెలుపు పైకి జరుగుతూ వచ్చి, ఎరుపు నూలుపోగంత మిగిలింది.

ఒకనాటి సాయంత్రం పక్కింటి కోటమ్మత్త రొప్పుతూ వచ్చింది.

"ఏమే ఈరీ, మీ అమ్మని చూశానే. నెత్తిన మూట. కొండ మలుపులో నిలబడి మీ ఇంటికేసి చూసింది. చూసి కూలబడిపోయింది. కేకేశాను గానీ, నా గొంతు మా ఆయనకే వినపడదు, కొండకేం వినపడుద్ది. లేచి ఏటికేసి పోతోంది."

"మరి ఇంటికి రాలేదేం అత్తా?"

"ఎట్టా వస్తది? తను పోయిననాడు ఎట్టా ఉందో అట్టాగే ఉంది మీ ఇల్లు. లోపల మనుషులున్నారని ఎవరనుకుంటారే?"

తమని వెతుక్కుంటూ అమ్మ పడవెక్కితే, ఇక ఏ ఊళ్ళు పట్టుకు తిరుగుతుందో. పరిగెత్తినా ఏరు అందదు.

అప్పుడు ఈరి తన గూట్లోకి దూరి గోడకి చెంప ఆనించింది. "ఇక నీకెలా కావాలంటే అలా మారు" అంది.

కోడి కూసే వేళ కాదు. అయినా ఇల్లు ఊపిరి వదిలింది. మూడేళ్ళు బిగపట్టిన ఊపిరి.

ముందు మెట్లు వంగి తాత పాదాల దగ్గరికి దిగాయి. ఆ తర్వాత కారే కప్పు రెక్కలా విచ్చుకుని అతుక్కుంది. ఆ తర్వాత ఈరి గూడు సాగింది, లేచింది, తాటిచెట్టు మీద తాటిచెట్టంత స్తంభమై కొసన ఈరిని నిలబెట్టింది.

అక్కణ్ణించి ఏరు కనబడింది. రేవులో ఒక మనిషి ఒక కాలు పడవలో పెట్టి, ఆఖరుసారి వెనక్కి తిరిగింది. ఈరి పిలుపు అంత దూరం వెళ్ళలేదు. ఇల్లు కదలడం మాత్రం కనబడింది. ఆమె పడవలోంచి కాలు తీసేసింది.

దీపాలు పెట్టే వేళకి అమ్మ గడప దగ్గరుంది.

"ఇల్లు ఇంత మారిపోయింది కదా, ఎలా గుర్తుపట్టావమ్మా?"

"గుర్తుపట్టలేదు తల్లీ. మారింది గనకే వచ్చాను."

ఈరి చేతులు చాపి చూపించింది. గోళ్ళ కొసన ఎరుపు ఇంకా ఉంది. "ఇకనైనా తీయండర్రా వాటిని, నా వీపు చీరుకుపోయింది" అన్నాడు తాత.

అమ్మ కూతుర్ని ఒళ్ళోకి తీసుకుంది. ఈరి కాళ్ళు నేలకి తగిలాయి. వెళ్ళినప్పుడు ఒళ్ళో ఇమిడిపోయిన పిల్ల. అమ్మ ఆ పొడుగాటి కాళ్ళని నిమురుతూ కూర్చుంది.

తెల్లారి కోడి కూసేసరికి ఇల్లు ముగ్గురికీ సరిపోయేలా మారింది. ఒక మూల మాత్రం ఉయ్యాలంత గూడు మళ్ళీ వేసింది, దానికో నీలం కిటికీ. అందులో ఎవరూ పట్టరు.

"ఇదెవరి కోసమే?" అంది కోటమ్మత్త. ఈరికీ తెలియలేదు. అమ్మ మాత్రం రోజూ దాన్ని కొంగుతో తుడిచేది. తర్వాత ఆ ఇల్లు ఎన్నిసార్లు మారినా ఆ గూడు మారలేదు.

ఆగిన ఇల్లు మారింది,
అమ్మ ఇల్లు చేరింది,
కథ కంచికి చేరింది,
కంచంలో బువ్వ ఆరింది.

లేవండర్రా ఇక. ఇళ్ళకి పోయి అన్నాలు తినండి.