ఎన్ని తిత్తులు?

ఆ ఉదయం కూడా ఇద్రీసుకి ఒళ్ళు మండిపోయింది. తొట్టి సగమైనా నిండలేదు, అప్పుడే కింద నుంచి మేకల గంటలు వినబడుతున్నాయి.

ఎడారి నట్టనడుమ నల్లటి కొండల వరస అది. చుట్టూ ఎంత దూరం నడిచినా ఇసుక తప్ప ఇంకోటి కనబడదు. అక్కడ కొండకి సగం ఎత్తులో, రెండు రాతి గదులు కట్టుకుని షేక్ యూనుస్ అనే ముసలి సూఫీ గురువు ఉండేవాడు. ఇద్రీసు ఆయన శిష్యుడు. ధ్యానం నేర్చుకుందామని వచ్చినవాడికి ఆయన నీళ్ళ కాపలా అప్పగించాడు.

నీళ్ళంటే సెలయేరేం కాదు. పైన పసుపుపచ్చ ఇసుకరాయి. ఎప్పుడో ఏళ్ళకోసారి పడిన వానని పీల్చుకుని కడుపులో దాచుకుంటుంది. దాని కింద బూడిదరంగు బంకమట్టి పొర. నీళ్ళు దాన్ని దాటి కిందికి పోలేక, ఆ రెండూ కలిసే చోట బొట్టుబొట్టుగా బయటికొస్తాయి. ఆ బొట్ల కింద, బంకపొరలోనే తొలిచిన చిన్న తొట్టి. ఇదంతా ఇద్రీసుకి బాగా తెలుసు. అడగని వాళ్ళకి కూడా చెప్పేవాడు.

కొండ కింద గుడారాలేసుకున్న మేకలవాళ్ళు ఆ నీళ్ళ కోసం రోజూ ఎక్కొచ్చేవాళ్ళు. అందరికంటే ముందు ఫాదిమాత అనే ముసలావిడ వచ్చేది. ఆవిణ్ణి చూస్తే చాలు, ఇద్రీసు మొహం చిట్లించుకునేవాడు.

"ఎన్ని తిత్తులు తెచ్చావ్?"

"రెండు నాయనా."

"రెండెందుకు? మేము తాగొద్దూ?"

ఒక తోలుతిత్తి నింపి, ఎర్రదారంతో అతుకేసిన రెండోది ఖాళీగానే ఆవిడ చేతిలో పెట్టేవాడు. ఆవిడ రెండూ భుజాన వేసుకుని దిగిపోయేది.

"అడిగినవాళ్ళకి పోసెయ్యి నాయనా," అనేవాడు షేక్.

"అందరికీ పోస్తే మీకేం మిగులుతుంది బాబా?"

"చూద్దాం."

ఎప్పుడడిగినా ఇదే మాట. ఈ ముసలాయన దాహంతో పోతాడు, ఆ పాపం నాకు చుట్టుకుంటుందని ఇద్రీసు లోలోపల కుతకుతలాడిపోయేవాడు.

ఇక లాభం లేదనుకుని ఒకరోజు గునపం తీశాడు. తొట్టిని లోతుగా తవ్వి, పైన ముసలాళ్ళు కదల్చలేని బండ ఒకటి పెట్టేస్తే పీడా వదిలిపోతుందనుకున్నాడు. బంకపొర గురించి ఊరందరికీ పాఠం చెప్పినవాడే ఆ పొరలోకి గునపం దించాడు. ఏం చెప్పమంటారు!

మొదటి పోట్లకి గట్టిగానే తగిలింది. తర్వాత గునపం ఉన్నట్టుండి జారి పట్టుకున్న చేతుల దాకా దిగిపోయింది. తొట్టిలో నీళ్ళు గుడగుడమంటూ కొండ లోపలికి పోయాయి. ఇద్రీసు బంకమట్టి కుక్కాడు, గుడ్డ కుక్కాడు, చివరికి తన తలపాగా కూడా కుక్కాడు. ఒక్క బొట్టు ఆగలేదు.

షేక్ కర్ర ఊతంగా వచ్చి పక్కన కూర్చున్నాడు.

"మన కొంప ముంచేశాను బాబా."

ఆయన ఆ కన్నంలోకి వంగి చూశాడు. "కింద ఇంకో బంకపొర ఉందా?"

"ఉంది."

"అది ఎక్కడ బయటపడుతుంది?"

ఇద్రీసు కొండ కిందికి చూశాడు. "మేకలవాళ్ళ గుడారాల దగ్గర," అన్నాడు.

"చూద్దాం," అన్నాడు షేక్.

కుండల్లో ఉన్న నీళ్ళు గుక్కల లెక్కన వాడుకున్నారు. ఆ రోజుల్లో మేకల గంటలు పైకి రాలేదు. ఎందుకు రావడం లేదో ఇద్రీసుకి తెలుస్తూనే ఉంది. దిగి వెళ్ళడానికే కాళ్ళు రాలేదు. చివరి కుండ ఒంచేసిన పొద్దున, గురువు పెదాలు పగిలి ఉన్నాయి. ఆయన ఒక ఖాళీ తిత్తి తెచ్చి అతని చేతిలో పెట్టాడు.

ఏం చెప్పాలో నెమరేసుకుంటూ దిగాడు ఇద్రీసు. కింద గుడారాల పక్కన, కొండ పాదం దగ్గర ఇసుక తడిసి ఉంది. అక్కడ తవ్విన గుంటలో తేటనీళ్ళు. గట్టున చెక్కగిన్నెతో తోడి పోస్తున్నది ఇంకెవరు, ఫాదిమాతే.

ఆవిడ తలెత్తి చూసింది. "ఎన్ని తిత్తులు తెచ్చావు?"

ఇన్ని రోజులూ ఈ మాటకే భయపడ్డాడు. "ఒకటే అవ్వా," అన్నాడు, నేల చూపులు చూస్తూ.

ఆవిడ మొహం చిట్లించింది.

"ఒకటేనా? అంత కొండ ఎక్కి పోవాలి. ఆయన తాగొద్దూ, నువ్వు తాగొద్దూ?"

అతని తిత్తి నింపింది. తర్వాత తన పక్కనున్న తిత్తి కూడా నింపి అతని రెండో భుజానికి తగిలించింది. దానికి ఎర్రదారం అతుకు ఉంది.

ఇద్రీసు పైకి వచ్చేసరికి షేక్ గుమ్మంలో కూర్చుని ఉన్నాడు. ముందు కడుపారా తాగాడు. తర్వాత రెండో తిత్తి వంక చూశాడు.

"బరువుగా ఉందా?"

"ఉంది బాబా," అన్నాడు ఇద్రీసు. దాన్ని కింద పెట్టకుండా అలాగే నిలబడ్డాడు.