మిణుకుతీగల సంఘంవారి తెలివి

"దేవుడు తెలివి పంచిన రోజు మనం ముగ్గురం అందరికంటే ముందు నిలబడ్డాం" అనేవాడు కొండప్ప.

"అవునయ్యా, పాపం వెనకవాళ్ళకి మిగలనే లేదు" అనేది అతని భార్య ఓబులమ్మ.

"మరి తెచ్చుకున్నది ఎక్కడ పెట్టాం బావా?" అని అడిగేవాడు ఓబులమ్మ తమ్ముడు మునెయ్య.

"ఇంట్లోనే ఎక్కడో ఉంటుందిలే. అవసరమొస్తే వెతుక్కుందాం."

ఈ ముగ్గురూ కలిస్తే మిణుకుతీగల సంఘం. వాళ్ళ ఊరి చుట్టూ కొండలే. ఊళ్ళోకి రావాలన్నా, పోవాలన్నా కొండ కింద పొడవాటి గుహ ఒక్కటే దారి. అందులో పట్టపగలు కూడా కటికచీకటి. కాగడా తీసుకుపోతే అక్కడి గాలికి ఉఫ్‌మని ఆరిపోతుంది. అందుకని గుహ గోడల నిండా మిణుకుతీగలు పెంచారు. వాటి ఆకులు వెన్నెల ముక్కల్లా వెలుగుతాయి. మనుషుల్లాగే అలుగుతాయి కూడా. అలిగాయా, ఆరిపోతాయి.

వాటి సంగతంతా తెలిసింది చౌడవ్వ ఒక్కతికే. ఆమె కూతురు లింగమ్మకి తొలికాన్పు. అత్తారింటి నుంచి పుట్టింటికి తీసుకురావడానికి బయల్దేరుతూ, అవ్వ సంఘంవాళ్ళని పిలిచింది.

"రేపు మధ్యాహ్నానికి పిల్లతో వస్తాను. నిండు చూలాలు, గుహలో వెలుగు తగ్గకూడదు. తీగల్ని కంటికి రెప్పలా చూసుకోండి. ఆకుల మీద చెయ్యి వెయ్యకండి. నీళ్ళు తల మీద కాదు, కాళ్ళ దగ్గర పొయ్యండి. ఒకవేళ అలిగితే నాలుగు మంచి మాటలు చెప్పండి. తెలిసిందా?"

"ఎంతమాట అవ్వా! నువ్వు చెప్పింది చెప్పినట్టు చేస్తాం" అన్నాడు కొండప్ప, మీసం దువ్వుకుంటూ.

అవ్వ అటు వెళ్ళగానే ముగ్గురూ కూర్చుని ఆలోచించారు.

"కంటికి రెప్ప ఏం చేస్తుంది?"

"మూసుకుంటుంది, తెరుచుకుంటుంది."

అంతే. ఇంట్లో ఉన్న కంబళ్ళన్నీ తెచ్చారు. "మూయండి!" అంటే తీగల మీద కప్పారు. "తెరవండి!" అంటే లాగారు. మూయండి, తెరవండి, మూయండి, తెరవండి! పాపం తీగలకి పగలో రాత్రో తెలీక వెలిగీ ఆరీ, వెలిగీ ఆరీ కొట్టుకున్నాయి.

"అక్కా, ఇవి నాకు కన్నుకొడుతున్నాయే!" అని మునెయ్య సిగ్గుపడ్డాడు.

ఇంతలో ఒక కంబళి తీగల్లో చిక్కుకుంది. ఓబులమ్మ విడదియ్యబోయింది.

"చెయ్యి వెయ్యకు! అవ్వ ఏం చెప్పింది?" అని అరిచాడు కొండప్ప.

"కాలు వెయ్యొద్దని చెప్పలేదుగా!" అన్నాడు మునెయ్య.

ఆ మాటకి బావ వాడి వీపు తట్టాడు. ఇంకేముంది! మునెయ్య వెల్లకిలా పడుకుని, కాళ్ళు గోడకెత్తి, బొటనవేళ్ళతో చిక్కు తియ్యడం మొదలుపెట్టాడు. కంబళి ఊడింది. దాంతోపాటు సగం ఆకులూ ఊడాయి.

"దాహమేమో, నీళ్ళు పోద్దాం" అంది ఓబులమ్మ.

ముగ్గురూ మూడు కడవలు తెచ్చి వరసగా నిలబడ్డారు. కాళ్ళ దగ్గర పొయ్యమంది కదా! ఎవరి కాళ్ళ మీద వాళ్ళు పోసుకున్నారు.

"బావా, చల్లగా ఉంది గానీ వెలుగు రావట్లేదే?"

"ఇప్పుడేగా పోశాం. ఊరనీ."

తీగలకి ఒళ్ళు మండింది. ఒక్కొక్క ఆకే ఆరిపోసాగింది.

"అలిగాయి! నాలుగు మంచి మాటలు చెప్పండి, తొందరగా!" అన్నాడు కొండప్ప. తనే ముందు గొంతు సవరించుకుని "బెల్లం" అన్నాడు.

"నెయ్యి" అంది ఓబులమ్మ.

"జీడిపప్పు" అన్నాడు మునెయ్య.

నాలుగో మాట దగ్గర పేచీ వచ్చింది. "సున్నుండ" అని ఓబులమ్మ, "కజ్జికాయ" అని కొండప్ప ఒక్కసారే అనేశారు.

"అయ్యో, ఐదయ్యాయి! ఒకటి వెనక్కి తీసుకో!"

"నోట్లోంచి వచ్చింది ఎలా తీసుకోనయ్యా?"

మునెయ్య నోరు బార్లా తెరిచి, ఆ ఎక్కువైన మాటని లోపలికి పీల్చాడు. అంతే, దగ్గొచ్చింది. గుహంతా దద్దరిల్లేలా దగ్గాడు. మిగిలిన ఆకులు కూడా టప్పున ఆరిపోయాయి.

మర్నాడు మధ్యాహ్నం గుహ అవతలి నుంచి కేక వినిపించింది. "కొండప్పా! ఏమిట్రా ఈ చీకటి? పిల్లకి నొప్పులు మొదలయ్యాయి! వచ్చి దారి చూపించండి!"

ముగ్గురూ గుహలోకి దూరారు. ఓబులమ్మ ఏడుస్తూనే పరుగెత్తింది. గోడలు తడుముకుంటూ, తలలు గుద్దుకుంటూ అవ్వ దగ్గరికి చేరారు. చేరి, చీకట్లో వేలెత్తి చూపించారు.

"అదిగో అవ్వా, దారి అటు!"

"నాకేం కనపడట్లేదురా!"

"ఉండు, రెండు చేతుల్తో చూపిస్తాం!"

అవ్వ నెత్తి కొట్టుకుంది. లింగమ్మ నొప్పిని పంటిబిగువున ఓర్చుకుంటూ, "అసలేం జరిగింది ఓబులక్కా?" అని అడిగింది. ఓబులమ్మ వెక్కుతూ అంతా చెప్పింది. కంబళ్ళు, బొటనవేళ్ళు, కడవలు, బెల్లం, నెయ్యి.

"తీగలకి జీడిపప్పు చెప్పారా!" అంది లింగమ్మ. ఇక ఆపుకోలేకపోయింది. పొట్ట పట్టుకుని పకపకా నవ్వింది. గుహ ఆ నవ్వుని పదింతలు చేసి తిప్పి పంపింది.

ఎక్కడో ఒక ఆకు మిణుక్కుమంది. దాని పక్కది, దాని పక్కది, చూస్తుండగానే గుహంతా పెళ్ళిపందిరిలా వెలిగిపోయింది! తీగలకి నవ్వంటే ఇంత ఇష్టమని అవ్వకి కూడా ఆ రోజే తెలిసింది. లింగమ్మ నవ్వుతూ, మధ్యమధ్య మూలుగుతూ, మళ్ళీ నవ్వుతూ ఇల్లు చేరింది. గడప దాటిన గంటకే బంగారంలాంటి ఆడపిల్లని కంది.

అవ్వ మనవరాలిని ఎత్తుకుని ముద్దాడింది గానీ, రాలిన ఆకులు గుర్తొచ్చేసరికి కోపం ఆగలేదు.

"రేపు పొద్దున వచ్చి పెరట్లో కొత్త నారు పొయ్యండి. మీ మొహాలు మాత్రం నాకు చూపించారో, ఊరుకోను!"

"చెప్పింది చెప్పినట్టు చేస్తాం అవ్వా" అన్నారు ముగ్గురూ.

పొద్దున్నే వచ్చారు. అవ్వ పెరటిగుమ్మంలో కూర్చుని ఉంది. అటు మొహాలు తిప్పుకుని, వీపులు అవ్వ వైపు పెట్టి, ముగ్గురూ వెనక్కి వెనక్కి నడుచుకుంటూ వస్తున్నారు.

"ఒరే, వెనక పేడగుంత ఉంది! తిరిగి చూడండి!" అని అరిచింది అవ్వ.

"అమ్మో, మేం తిరగం! మొహాలు కనపడతాయి!" అన్నాడు కొండప్ప.

అంతే. ముందు మునెయ్య, తర్వాత ఓబులమ్మ, ఆఖరికి సంఘం పెద్ద కొండప్ప, ధబీ ధబీ ధబీమని వరసగా దిగిపోయారు. గుంతలోంచి నెమ్మదిగా మూడు తలలు పైకి లేచాయి.

"ఏం అవ్వా, మా మొహాలేమన్నా కనపడ్డాయా?"

అవ్వ వంగి చూసింది. నిజమే, ఒక్క మొహమూ కనపడలేదు. పేడే కనపడింది.