అరచేతిలో కాపురం పెట్టిన చెమట

ఒకప్పుడు మనుషులకు చెమట పట్టేది కాదు. ఒక్క చుక్క కూడా పట్టేది కాదు. ఎండ ఎంత కాసినా ఒంట్లో దూరిన వేడి ఒంట్లోనే బైఠాయించేది. రోహిణి కార్తె వచ్చిందంటే ఆడవాళ్లు పొయ్యి వెలిగించేవారే కాదు. ఇంట్లో ఒక బట్టతల ఉంటే చాలు, అప్పడాలన్నీ దాని మీదే కాల్చేసేవారు. ముసలమ్మ ఒకతె నిట్టూరిస్తే ఎదురింటి పెరట్లో ఆరేసిన చీర ఆరిపోయేది. రెండోసారి నిట్టూరిస్తే మాడిపోయేది.

మరి చెమట ఎక్కడుండేదంటారా? అంతా గేదె ఒంటి మీదే ఉండేది. గేదె నడిస్తే వెనకాలే పిల్లకాలువ పారేది. అందులో వల వేసి చేపలు పట్టినవాళ్లు కూడా ఉన్నారు. పాలు పితకడానికి పొదుగు కింద కూర్చున్నవాళ్లు జర్రున జారి పక్క ఊళ్లో తేలేవారు. నమ్మకపోతే గేదెనే అడగండి. అది కాదనదు.

ఆ రోజుల్లో గోదారి లంకలో పేరిందేవి అనే ఆవిడ ఉండేది. పూతరేకులు తీయడంలో ఆవిడ చెయ్యే చెయ్యి. కుండ బోర్లించి, లోపల మంట పెట్టి, పల్చటి బియ్యప్పిండి నీళ్లలో గుడ్డ ముంచి, కాలే కుండ మీద అలా పరిచి ఇలా లాగేది. కన్ను మూసి తెరిచేలోగా కుండ మీద రేకు లేచేది. ఆ రేకు ఎంత పల్చనంటే, చేతిలో పట్టుకున్నవాళ్లు పట్టుకున్నామో లేదో తెలియక వెతుక్కునేవారు.

రేకులు తీసే గదిలో ఒక కట్టడి ఉండేది. ఎవరూ నోరు విప్పకూడదు. మాట్లాడితే ఊపిరి తగులుతుంది, ఊపిరి తగిలితే రేకు ఎగిరిపోతుంది. ఒకసారి అత్తగారు తుమ్మితే రేకులన్నీ లేచి వెళ్లి కొంగల్లో కలిసిపోయాయి. ఆ ఏడంతా లంకలో ఏది కొంగో ఏది రేకో ఎవరికీ తెలియలేదు. అందుకని ఆ గదిలో ఏం కావాలన్నా పీట మీద టకటకా తట్టడమే. పేరిందేవి తట్టిందంటే, పొయ్యి వెనకాల పొగలో కూర్చున్న తోటికోడలు వరదమ్మ కొబ్బరి మట్ట ఒకటి మంటలోకి తోసేది. తట్టడం ఆపితే తోయడం ఆపేది.

వరదమ్మకి ఆ పొగంటే ఒళ్లుమంట. ఎప్పటికైనా కుండ ముందు తను కూర్చోవాలని ఆవిడ కోరిక. ఆ కుండ ఆ ఇంట్లో తరాల నాటిది. దాని నునుపు ఇంకే కుండకీ లేదు. అత్తగారు దాన్ని పేరిందేవి చేతిలో పెట్టిన రోజే ఒక మాటంది. "చెయ్యి బాగున్నన్నాళ్లే కుండ నీది. చెయ్యి చెడితే ఇంకొకరిది."

మంట ముందు రోజూ కూర్చుని కూర్చుని పేరిందేవి వేగిపోయింది. ఒకరోజు తట్టుకోలేక గేదె దగ్గరికి పరుగెత్తింది.

"గేదెమ్మా, నీ చెమట నాకిచ్చేస్తావా?"

"నీకెందుకమ్మాయ్?"

"కొప్పులో పెట్టుకున్న మల్లెపూలు నిన్న కరకరలాడేలా వేగిపోయాయి. అత్తయ్య వడియాలనుకుని నంజుకున్నారు."

గేదెకి ఆ మాట పండగలా వినిపించింది. "తీసుకో తల్లీ, ఈ క్షణమే తీసుకో. ఈగ కూడా నా మీద వాలలేక జారిపడుతోంది. ఒకటే మాట. ఇచ్చింది ఇచ్చినట్టే, మళ్లీ వెనక్కి తీసుకోను" అంది.

గేదె వీపు మీంచి చెమట పిల్ల చెంగున దూకింది. నీటిబుడగ లాంటి మొహం, ఒక్క చోట నిలవని కాళ్లు. పేరిందేవి భుజమెక్కి కూర్చుని, "అమ్మగారూ, నేనెప్పుడు రావాలి, ఎప్పుడు పోవాలి?" అని అడిగింది.

పేరిందేవికి తెలిసిన లెక్క ఒకటే కదా. "తట్టినప్పుడు రా, ఆపినప్పుడు పో. మా ఇంట్లో అన్నిటికీ అంతే" అనేసింది. ఎవరు తట్టినప్పుడు, ఎక్కడ తట్టినప్పుడు అని చెప్పనేలేదు.

ఆ రోజు నుంచి పేరిందేవికి హాయే హాయి. ఒళ్లు వేడెక్కగానే తొడ మీద వేలితో తట్టేది. చెమట పిల్ల వచ్చి వీపు మీద, మెడ మీద నీళ్లు చిలకరించేది. చల్లబడగానే తట్టడం ఆపేది, అది పోయేది. అటు గేదె సంగతి వేరే. మిట్టమధ్యాహ్నం ఎండ నడినెత్తిన పడేసరికి దానికి తెలిసొచ్చింది. "అమ్మో" అని అరిచి చెరువులోకి దిగింది. దిగింది దిగినట్టే ఉంది.

ఇంతలో గాలయ్య వచ్చాడు. తలుపు తోసుకుని, మట్టలన్నీ చెల్లాచెదురు చేసి, దూలమెక్కి కూర్చున్నాడు.

"మా అమ్మాయికీ మబ్బుల వారబ్బాయికీ పెళ్లి కుదిరింది. విందులోకి పూతరేకులు కావాలి. మా వాళ్లు తమకంటే బరువైనదేదీ తినలేరు. నీ రేకులైతేనే అరుగుతాయి. వచ్చే పున్నమికి నేనే వచ్చి, నా కళ్ల ముందు తీయించుకు వెళ్తాను" అన్నాడు.

సరే అంది పేరిందేవి. ఆయన వెళ్లాక కుండ ముందు కూర్చుంది. లోకమంతా తిరిగేవాడికి రేకులు తీయాలి, ఒక్కటి చెడినా లోకమంతా చాటేస్తాడు అనుకునేసరికి గుండె దడదడలాడింది. వెంటనే అరచేతుల్లోకి బుడబుడా నీళ్లు ఊరాయి. రేకు పట్టుకుంటే అంటుకుపోయింది, కరిగిపోయింది, గంజై మోచేతి దాకా కారింది.

వరదమ్మ పొగలోంచి తల పైకెత్తి చూసింది. పనయ్యేదాకా ఉగ్గబట్టుకుని, గది దాటగానే అందుకుంది. "ఏమే పేరిందేవీ, రేకులు తీశావా, దూడలకి కుడితి కలిపావా?"

"నవ్వకక్కా. చేతులు ఎందుకో ఊరుతున్నాయి."

"ఊరడానికి అవేమైనా ఆవకాయ ముక్కలా?"

మర్నాడు ఇంకా ఎక్కువైంది. ఊరు ఊరంతా వైద్యానికి దిగింది. ఒకావిడ చెప్పిందని బూడిద పూసుకుంటే బురదైంది. ఇంకొకావిడ చెప్పిందని శనగపిండి అద్దుకుంటే పకోడీల పిండైంది. పక్కింటావిడ అయితే ఉల్లిపాయలు తరిగి సిద్ధంగా నిలబడింది. మంట మీద కాచుకోమని వరదమ్మ సలహా ఇచ్చింది. కాచుకుంటే రెండు చేతుల నుంచీ రెండు కాలువలు పారాయి. ఆ నీటితో లంకలో అరటి తోటలన్నీ తడిసి, ఒక్క గెల దిగాల్సిన చెట్టుకి గెల మీద గెల దిగింది. అందరూ సంతోషించారు, ఒక్క పేరిందేవి తప్ప.

అత్తగారు ఆవిడ చేతులు తిప్పి చూసి పెదవి విరిచింది. "చెయ్యి తడవడమంటే పని మీద మనసు లేకపోవడమే. నా చేతులు ఎప్పుడైనా తడిశాయా? గాలయ్య ముందు రేకు చెడిందో, కుండ వరదమ్మకి వెళ్తుంది."

వరదమ్మ ఆ పూటే కుండ ముందు వేసుకోవడానికి కొత్త పీట తెచ్చుకుంది.

కుండ పోతే పేరిందేవికి ఇంకేముంది? తనకొచ్చిన పని అదొక్కటే, తనకి ఇష్టమైన పనీ అదే. ఏడుపు దిగమింగుకుంటూ చెరువు గట్టుకి వెళ్లింది. నీళ్లలోంచి గేదె ముక్కు ఒక్కటే పైకి కనిపిస్తోంది.

"గేదెమ్మా, దీన్ని వెనక్కి తీసుకో."

"ముందే చెప్పాను కదమ్మాయ్. అయినా అదేం చేసిందని?"

"పిలవకపోయినా వచ్చి కూర్చుంటోంది."

గేదె కాసేపు నెమరు వేసింది. "నా దగ్గరున్నప్పుడు దాన్ని నేను పిలిచిందీ లేదు, తిట్టిందీ లేదు. ఎందుకొస్తున్నావని దాన్ని అడిగావా, లేక ఊరంతా అడిగి దాన్ని మాత్రం వదిలేశావా?" అని బుడగలు వదులుతూ మునిగింది.

పేరిందేవి అరచేయి తెరిచి చూసింది. చెమట పిల్ల చేతి గీతల్లో కాళ్లు చాపుకుని ఆయాసపడుతోంది.

"ఎందుకే నన్నిలా పీక్కుతింటావు?"

"నేనా?" అంది చెమట పిల్ల, ముక్కు ఎగబీలుస్తూ. "మీరే కదమ్మగారూ ఒకటే తట్టడం. కుండ వైపు చూస్తే తడతారు, గాలయ్య పేరెత్తితే తడతారు. ఎక్కడో నిప్పంటుకుందని నేను పరుగెత్తుకొచ్చి నీళ్లు పోస్తున్నాను. పోసినకొద్దీ ఇంకా గట్టిగా తడుతున్నారు. నాకు నడుములు పడిపోయాయి."

"నేనెప్పుడు తట్టానే?"

"ఇదిగో, ఇప్పుడు కూడా. వినండి."

పేరిందేవి విన్నది. తన రొమ్ములో గుండె కొట్టుకుంటోంది. అచ్చం పీట మీద తట్టినట్టే, టకటకా టకటకా.

అదీ సంగతి. వేడికి తట్టినా భయానికి తట్టినా ఆ పిల్లకి ఒకటే. పాపం, చెప్పిన పని చెప్పినట్టు చేస్తోంది. పేరిందేవికి కోపం సగం పోయింది. కోపం పోయేసరికి గుండె కాస్త నెమ్మదించింది, గుండె నెమ్మదించేసరికి చెయ్యి కాస్త ఆరింది.

మిగిలిన తడికి గట్టు మీది తుమ్మచెట్టు ఉపాయం చెప్పింది. "నా బెరడు కాచిన నీళ్లు చల్లార్చి చేతులు నానబెట్టుకో. ఆ వగరుకి మీ పిల్ల మూతి ముడుచుకుని కాసేపు లోపల కూర్చుంటుంది. పూర్తిగా పోదనుకో, కాస్త తగ్గుతుంది." పేరిందేవి రోజూ అలాగే చేసింది. బుడబుడా ఊరేది చుక్కచుక్కగా దిగింది. అయినా చుక్క చాలు కదా, రేకు చెడడానికి.

పున్నమి రానే వచ్చింది. పగటిపూటే గాలయ్య వచ్చి, రేకులు ఎగరకుండా ఊపిరి బిగబట్టి దూలమెక్కాడు. అత్తగారు గోడకి ఆనుకుని కూర్చుంది. వరదమ్మ పొయ్యి వెనకాల. గది కట్టడి ప్రకారం అందరూ నోరు మూసుకున్నారు. ఎంత నిశ్శబ్దమంటే, గోడ మీద బల్లి తన తోక ఊపాలా వద్దా అని ఆలోచించడం కూడా వినిపించింది.

ఆ నిశ్శబ్దంలో పేరిందేవి గుండె టకటకలాడింది. చెమట పిల్ల పాపం వచ్చేసింది. మొదటి రేకు చేతిలో కరిగింది.

అత్తగారు వేలు చూపించింది. కుండ ముందు నుంచి లే అని.

ఆ వేలు చూడగానే పేరిందేవికి ఏడుపు రావాలి. రాలేదు. గోడకానుకున్న అత్తగారినీ, దూలం మీది గాలయ్యనీ, కొత్త పీట చంకన పెట్టుకుని లేచిన వరదమ్మనీ చూసింది. అందరికీ గుండెలున్నాయి కదా అనుకుంది. నవ్వు ఆపుకుని, తడి గుడ్డ వరదమ్మ చేతిలో పెట్టి పక్కకి జరిగింది.

వరదమ్మ దర్జాగా కూర్చుంది. గుడ్డ ముంచింది. తల ఎత్తింది. అందరి కళ్లూ తన మీదే. దూలం మీంచి లోకమంతా తిరిగేవాడి కళ్లు. ఇన్నాళ్లూ పొగ చాటున కూర్చున్న మనిషికి అన్ని కళ్లు ఎప్పుడు అలవాటని? టకటక, టకటక. పేరిందేవి గుండె కంటే రెండింతలు గట్టిగా.

చెమట పిల్ల చెవులు నిక్కించింది. ఇంకెక్కడో నిప్పంటుకుందనుకుంది. పేరిందేవి అరచేతిలోంచి ఎగిరి వరదమ్మ అరచేతుల్లోకి దూకింది. వరదమ్మ రేకు రేకు కాకుండానే గంజై ఒళ్లో పడింది. కొత్త పీట తేలుకుంటూ గుమ్మం దాటిపోయింది.

అత్తగారికి ఒళ్లు మండింది. మీరు పుట్టకముందు నుంచీ రేకులు తీస్తున్నాను తప్పుకోండి అన్నట్టు వరదమ్మని ఒక్క తోపు తోసి తనే కూర్చుంది. గుడ్డ అందుకుంది. అప్పుడు గాలయ్య బాగా కనబడాలని దూలం మీంచి కిందికి వంగి ఆవిడ మొహంలో మొహం పెట్టాడు.

టకటకటకటక.

చెమట పిల్ల అటు దూకింది. వరదమ్మ గుండె ఇంకా తడుతూనే ఉంది కాబట్టి ఇటూ దూకింది. అటూ ఇటూ, ఇటూ అటూ దూకలేక మధ్యలో ఫెళ్లున పగిలి వేయి చుక్కలైంది. నీటి పిల్ల కదా, పగిలితే చావదు. ఏ చుక్కకి ఆ చుక్కే ఒక చెమట పిల్ల. కిటికీలోంచి తొంగిచూస్తున్న ఊరివాళ్ల మీదికీ చిందాయి. ఎవరి గుండె తడితే వాళ్ల అరచేతుల్లో దూరాయి. అత్తగారి ముక్కు కొస నుంచి కూడా ఒక చుక్క వేలాడింది.

ఆ గదిలో చెమట పట్టని చేతులు ఇక పేరిందేవివే. ఆవిడ మెల్లగా వెళ్లి కూర్చుంది. అందరి అరచేతులూ తడిశాక ఇక ఎవరికి భయపడాలి? గుడ్డ ముంచింది, పరిచింది, లాగింది. రేకు మీద రేకు, రేకు మీద రేకు. అవి పేర్చుకుంటూ పోతే కప్పు లేచింది, కప్పు పక్కకి తీసి పేర్చితే సూర్యుడి గడ్డానికి తగిలాయి. ఆయన ఒకటి కొరుక్కుని ఏమీ ఎరగనట్టు పడమటికి దిగిపోయాడు.

గాలయ్య మిగతావన్నీ మూట కట్టుకుని పెళ్లికి పోయాడు.

గదిలో ఇక మాట్లాడొచ్చు. అత్తగారు చేతులు చీర చెంగుకి తుడుచుకుంది. మళ్లీ తుడుచుకుంది. కుండ వైపు చూసి, పేరిందేవి వైపు చూసి, గొంతు తగ్గించి అంది.

"కుండ నీదేనమ్మా. ఇంతకీ ఆ తుమ్మ బెరడు ఇంకా ఏమైనా మిగిలిందా?"

"ఉందత్తయ్యా. అక్కకి కూడా కాస్తాను" అంది పేరిందేవి.

వరదమ్మ తన తడి చేతులు చూసుకుని నవ్వేసింది. ఆ సాయంత్రం ముగ్గురూ ఒకే గిన్నెలో చేతులు నానబెట్టుకుని, ఎవరి చేతి కింద ఎవరి చెయ్యి ఉందో తెలియక గొడవపడ్డారు.

చెమట చుక్కలు ఎవరింట కుదురుకున్నవి అక్కడే కాపురం పెట్టాయి. వాటిలో కొన్నిటికి ఆ ఇంటి చేతులంటే మరీ మక్కువ. ఆ ఇంటి ఆడపిల్లలు అత్తారింటికి వెళ్తుంటే సారెతో పాటు అవీ బయల్దేరాయి. అందుకే ఒకరికి చుక్క పడితే ఒకరికి చెంబుడు పడుతుంది. అది వాళ్ల తప్పూ కాదు, చెమట తప్పూ కాదు.

అప్పటినుంచే మనుషులకి ఎండలో ఒళ్లంతా చెమట పడుతుంది. ఎండ లేకపోయినా, నలుగురూ తమ వైపు చూసేసరికి అరచేతులు మాత్రం తడుస్తాయి.